ఆ రైల్లో మిగతా ఇద్దరు

ఆగాథె లాష్ పేరు భాషాశాస్త్రం చదువుకున్నవాళ్ళలో కూడా చాలామంది విని ఉండరు. 1879లో బెర్లిన్‌లో ఒక యూదు కుటుంబంలో పుట్టింది. ఒకప్పుడు ల్యూబెక్, హాంబుర్గ్ రేవుల్లో వర్తకులు ఉత్తరాలూ ఒప్పందాలూ రాసుకున్న మధ్యయుగపు లో-జర్మన్ భాషకి ఆవిడ రాసిన వ్యాకరణం 1914లో వచ్చింది. అప్పటికి ఆవిడ అమెరికాలో, బ్రిన్ మార్ కాలేజీలో పాఠాలు చెబుతోంది. స్వదేశంలో ఆడవాళ్ళకి యూనివర్సిటీ ఉద్యోగాలు దొరకని రోజులవి. అయినా యుద్ధం నడుస్తుండగానే వెనక్కి వెళ్ళిపోయింది. 1923లో హాంబుర్గ్‌లో ప్రొఫెసర్ అయింది. జర్మన్ భాషాధ్యయనంలో ఆ హోదా అందుకున్న తొలి మహిళ ఆవిడే. హాంబుర్గ్ జనం మాట్లాడే మాటలన్నీ చీటీల మీద ఎక్కించి నిఘంటువు కట్టే పని తలకెత్తుకుంది.

1934లో ఉద్యోగం తీసేశారు. ఆ తర్వాత లైబ్రరీల తలుపులు మూశారు, సొంత పుస్తకాలు పట్టుకుపోయారు. 1942 ఆగస్టు 15న రీగా వెళ్ళే రైలెక్కించారు. మూడు రోజులకి చంపేశారు.

ఇది ఎవరికి చెప్పినా ముందు వచ్చే మాట, 'జర్మన్‌కి అంత సేవ చేసిన మనిషినా!' అని. నేనూ అదే అన్నాను. తర్వాత ఆ మాటే ముల్లులా గుచ్చుకోవడం మొదలుపెట్టింది. అదే రైల్లో ఆవిడ తోబుట్టువులు ఇద్దరున్నారు. ఆ భాషకి వాళ్ళు వ్యాకరణం రాసిపెట్టలేదు. మరి వాళ్ళ విషయంలో అన్యాయం కాస్త తగ్గుతుందా?

యూదుల్ని కొలువుల్లోంచి తోసేసిన 1933 నాటి చట్టంలోనూ మినహాయింపులున్నాయి. మొదటి ప్రపంచయుద్ధంలో ముందువరసలో పోరాడినవాళ్ళని ఉండనిచ్చారు. అంటే సేవ చూపించు, బతుకు అని. మూడేళ్ళు తిరక్కుండా ఆ మినహాయింపూ పోయిందనుకోండి. మన జాలి కూడా, తెలియకుండానే, అదే తూకంరాళ్ళు వాడుతోంది.

అలాగని ఆవిడ తరఫున అర్జీ పెట్టిన స్వీడన్ పండితుల్ని తప్పుపట్టలేను. ఆ అర్జీ ఆవిడకి కొన్ని నెలలైనా సంపాదించిపెట్టింది. అలాంటి అర్జీలో ఆవిడ పాండిత్యం గురించి కాక ఇంకేం రాస్తారు? 'మనిషి కాబట్టి వదిలేయండి' అంటే వినే చెవి అక్కడ లేదు. నేనున్నా సంతకం పెట్టేవాణ్ణే. పెట్టాక కూడా ఆ ముల్లు అలాగే ఉండేది.

హాంబుర్గ్ నిఘంటువుని చివరికి 2006లో వేరేవాళ్ళు పూర్తిచేశారు. దాని గురించి ఎక్కడ చదివినా ఆవిడ పేరు తగులుతుంది. ఆ తోబుట్టువుల పేర్లు మాత్రం నేను పనిగట్టుకుని వెతుక్కోవలసి వచ్చింది.