ఆటో దొరకని కోపం

నాయనా,

దసరాకు వచ్చినప్పుడు రాత్రిపూట కోడుమూరు స్టాండులో ఆటో దొరకలేదన్న కోపం నీకింకా చల్లారలేదని మీ అమ్మ ఫోనులో చెప్పింది. యాప్ పెడతానంటున్నావట. పాసుపుస్తకం ఎక్కడుందని కూడా అడిగావట. ఆ సంగతి తర్వాత.

మీ అవ్వ చెవికమ్మలు ఏమైనాయో నీ ముందర ఎవరూ మాట్లాడి ఉండరు. అవి నా మెటడోరుకు పోయినాయి. అప్పట్లో పత్తి మూటలు ఆదోనికి తోలాలంటే లారీ కోసం రోడ్డు పక్కన తెల్లవార్లూ కావలి. చలి, దోమలు, ఆపైన డ్రైవరు బేరాలు. ఈ పీడ ఊరందరిదీ కదా అని బండి కొన్నా. పత్తి కాలమంతా అది వేపచెట్టు కిందనే నిలబడింది. విత్తనాలకూ మందులకూ రైతులు ఆదోని దలాలీ అంగళ్లలో ముందే బాకీ పడి ఉన్నారు. బాకీ ఉన్న అంగడికే సరుకు పోవాలి, బండి కూడా వాళ్లే పంపుతారు. రోడ్డు పక్కన కాచుకునేది నాలాగా బాకీ లేని నలుగురే. మీ నాయన డిగ్రీ మధ్యలో ఆగిపోయిందీ ఆ బండి అప్పుతోనే. వాడు ఈ రోజుకూ ఒక్క మాటనలేదు. అంటే బాగుండేది.

మాటకు ముందు బస్సు టికెట్లమ్మే రెడ్‌బస్ అంటావు గదా, ఆ కథే చూడు. 2005 దీపావళికి బెంగళూరు నుంచి ఊరికి టికెట్ దొరక్క, దాన్ని పెట్టిన ఫణీంద్ర సామా గదిలోనే ఉండిపోయాడు. మీరంతా కథ ఇక్కడే ఆపుతారు. ఆ పండక్కి టికెట్ దొరకనివాడు అతనొక్కడేనా? అతను ట్రావెల్స్ వాళ్ల దగ్గరికి పోయి సీట్లు ఎట్లా అమ్ముతారో అడిగాడు. ఏ బస్సులో ఏ సీటు ఖాళీగా ఉందో ఏజెంటుకే తెలియదు, ఆపరేటరుకు ఫోను చేసి కనుక్కోవాల్సిందే. అదీ అసలు ముడి. అది దొరికాకే సుధాకర్ పసుపునూరి, చరణ్ పద్మరాజులతో కలిసి 2006లో సంస్థ మొదలుపెట్టాడు. 2013లో ఐబిబో వాళ్లు కొన్న సంగతి మాత్రం మీకు కంఠోపాఠం.

ఇప్పుడు ఎవరికి టిఫిన్ ఆలస్యమైనా ఒక కంపెనీ! కొత్తిమీర పది నిమిషాల్లో గడప ముందుకు రావాలంటారు. పత్తికొండలో ధర పడిపోయి రైతు టమోటాలు రోడ్డు మీద పారబోస్తే మాత్రం అది మీ చికాకుల లెక్కలోకి రాదు. ముసలోడి సణుగుడు అనుకో, అనుకుంటే అనుకో.

సరే, పని చెప్తా. ఉద్యోగం వదలొద్దు. పాసుపుస్తకం నా బీరువాలో ఉంది, మీ అమ్మను సతాయించొద్దు. సెలవు పెట్టుకొని వచ్చి, వారం రోజులు రాత్రి ఆఖరి బస్సు వచ్చేదాకా స్టాండులో కూర్చో. ఆటోవాళ్లతో టీ తాగు. మన ఊరికి ఎందుకు రారో అడుగు. తిరుగు బాడుగ దొరకదనే అనుకుంటా, అయినా నా మాట నమ్మొద్దు. బస్సు దిగేదెంతమంది, ఇంటినుంచి బైకు వచ్చి ఎక్కించుకుపోయేదెంతమంది, దిక్కులేక నిలబడిపోయేదెంతమంది, నోటుపుస్తకంలో రాసుకో. నిలబడినవాళ్లను, రేపటి సీటుకు ఇప్పుడే ఇరవై రూపాయలు ఇవ్వమని అడుగు. ఇచ్చినవాళ్ల లెక్క తెచ్చి చూపిస్తే అప్పుడు బీరువా తాళం గురించి మాట్లాడదాం.

మీ పెద్దనాయన