ర్యాంకు నిలుపుకొనుట యన నేమి?

తుకుం మీదుగా తాడోబా అడవికి పోవు బాటన సాయంకాలము నడచువారికి ఒక దృశ్యము తప్పక కనబడును. దూరమున విద్యుత్కేంద్రపు పొగగొట్టములు; బాట మీద బొగ్గు లారీలు; ఇండ్ల ముందరి మెట్లపై నలుగురైదుగురు కుర్రవాండ్రు తలలు వంచి, ఫోనులు చేతబట్టి, ఒకరి ముఖ మొకరు చూడకయే ఒకరితో నొకరు కేకలు వేయుచు మాటలాడుచుందురు. వారిలో తెలుగిండ్ల పిల్లలును, మరాఠీ యిండ్ల పిల్లలును కలసియే యుందురు. వారాడునది తుపాకుల యాట. వారి నోట పదే పదే వినవచ్చు మాట ‘ర్యాంకు’.

ఈ మాట కొన్నాళ్ల క్రిందట మా యింటిలోనే తగవు తెచ్చినది. మా మనుమలిద్దరిలో చిన్నవాడు మా యొద్దకు వచ్చి, “తాతా, అన్న నన్ను టీములకు తీసుకుంటలేడు” అని కంట నీరు పెట్టుకొనెను. పెద్దవాడు ఫోనునుండి తల యెత్తకయే, “వాడు ఊకె చచ్చిపోతడు తాతా. వానితోని ఆడితే నా ర్యాంకు పడిపోతది” అనెను. ఆట కదా, ఇందులో తీర్పు చెప్పవలసిన దేమున్నదని మొదట అనుకొంటిమి. పిమ్మట ఆలోచింపగా ఇది చిన్న ప్రశ్న కాదని తోచినది. సంపాదించిన స్థానమును నిలుపుకొనుటకు మనుష్యుడు దేనిని విడువవచ్చును? దేనిని విడువరాదు? ఆ ప్రశ్ననే ఈ వ్యాసమున విచారింప దలచితిమి.

ఈ యాటల పద్ధతి యెరుగని పెద్దలకు కొంత వివరింతుము. 2021 జూలై 2న మన దేశమున విడుదలయిన ‘బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా’ అను ఆటలో నూరుగురు వరకు ఒక రంగమున దిగుదురు. కడవరకు మిగిలిన జట్టు గెలిచినట్లు. గెలుపోటములను బట్టి పాయింట్లు కూడుచు తరుగుచు నుండును. బ్రాంజ్, సిల్వర్, గోల్డ్, ప్లాటినం, డైమండ్, క్రౌన్, ఏస్ అని మెట్లు. అన్నిటికి పైన ‘కాంకరర్’ అను బిరుదము. అది మొదటి 500 మందికే దక్కును. ఐదువందల ఒకటవవాడు ఎంత నేర్పరి యైనను ఆ పేరునకు నోచుకొనడు. అంతియే కాదు, ఆ బిరుదము గలవాడు నిదురించుచుండగా ఇతరు లెక్కినచో, తా నేమియు ఓడకయే క్రిందికి జారవచ్చును. సీజన్ ముగిసి క్రొత్తది మొదలైనపుడు అందరి మెట్లును కొంత దిగును. 2020 జూన్ 2న వచ్చిన ‘వాలరెంట్’ అను ఆటలోను ఐరన్ మొదలు రేడియంట్ వరకు ఇట్టి మెట్లే గలవు.

మన పూర్వులకు ఇది బొత్తిగా క్రొత్త కాదు. సంక్రాంతికో, శివరాత్రి జాగరణకో మన యిండ్లలో పరచు వైకుంఠపాళిలోను నిచ్చెన లెక్కుట, పాము నోట బడుట కలదు. ఐతే అందు గవ్వలు చెప్పినట్లు నడచుటే గాని ఆడువాని నేర్పునకు తావు లేదు. కనుక పెద్దపాము నోట బడినవాడు నవ్వుచు మరల మొదటినుండి సాగించెడివాడు. నేటి యాటలో జారినవాడు ‘నా పావు జారినది’ అనుకొనడు, ‘నేనే జారితిని’ అనుకొనును. బాధ యంతయు ఆ భేదమున నున్నది.

ఆటగాని బలమును అంకెలో చెప్పు శాస్త్రమునకు ప్రసిద్ధమైన రూప మిచ్చినవాడు హంగెరీలో పుట్టి, అమెరికాలోని మిల్వాకీ నగరమున భౌతికశాస్త్రము బోధించిన ఆర్పాడ్ ఎలో. ఆయన పద్ధతిని 1960లో అమెరికా చదరంగ సమాఖ్యయు, 1970లో అంతర్జాతీయ చదరంగ సమాఖ్యయు స్వీకరించినవి. దాని సూత్రము సులభము. ఇద్దరి పాత అంకెలను బట్టి ఎవరు ఎంతవరకు గెలువవచ్చునో ముందుగా లెక్కింతురు. ఫలితము ఆ లెక్కను మించినచో అంకె పెరుగును, తగ్గినచో తరుగును. బలవంతుని గెలిచిన ఎక్కువ వచ్చును. బలహీనుని చేత ఓడిన ఎక్కువ పోవును. తుపాకుల యాటల ర్యాంకు లెక్కలు ఆట కొక తీరుగ నున్నను, పలు ఆటలలో సమానులను ఎదురెదురుగ నిలుపుటకై వాడు లెక్కలు ఈ భావమునుండి పెరిగిన శాఖలే.

ఇక్కడ ఒక చక్కని విషయము గమనింప దగినది. ర్యాంకు పుట్టినది గొప్పలు చెప్పుకొనుటకు కాదు, సమానునకు సమానుని జోడించుటకు. ఇద్దరు సమానులు పలుమారు తలపడినచో ఎవడైనను సుమారు సగము గెలుచును, సగము ఓడును. అనగా ఒకని ర్యాంకు సరిగా నున్నదనుటకు గుర్తు అతడు తరచుగా ఓడుచుండుటయే. ఓటమి యెరుగని ర్యాంకు ఇంకను తన చోటు చేరని ర్యాంకు. మా మనుమడు ఓటమిని చూచి తన స్థానము చెడుచున్నదని భయపడుచుండెను; నిజమునకు అతడు అప్పుడే తన స్థానమునకు చేరుకొనుచుండెను.

భయము పుట్టిన పిమ్మట మనుష్యుడు త్రొక్కు దారులు నాలుగు. మొదటిది దాగుట. ఎక్కువసేపు బ్రతికియుండుటకే పాయింట్లు వచ్చునని యెరిగి, కొందరు ఏ గడ్డిలోనో, ఏ గదిలోనో నక్కి కూర్చుందురు. ఇది యాట నియమమునకు విరుద్ధము కాదు. కాని యుద్ధపు ఆటలో యుద్ధము చేయకయే పొందిన బిరుదము దేనికి గుర్తు?

రెండవది పరుల చేతిని అరువు తెచ్చుకొనుట. రూకలిచ్చి నేర్పరి చేత తన పేరున ఆడించుకొని మెట్లెక్కువారు గలరు. మహాభారతము ఆదిపర్వమున యయాతి కథ ఇట్టివారు వినదగినది. తపస్సున నీకు సాటి యెవరని ఇంద్రు డడుగగా, దేవతలలో గాని మనుష్యులలో గాని ఎవ్వరును లేరని యయాతి పలికెను. ఆ మాటతోనే పుణ్యము క్షీణించి స్వర్గమునుండి జారెను. జారుచున్న తాతను చూచి దౌహిత్రులు తమ పుణ్యలోకముల నిచ్చెదమనిరి. ఒకరు సంపాదించిన దానిని తాను దానముగ గ్రహింపనని అతడు నిరాకరించెను. గర్వముచే పడినవాడైనను, పడుచుండగా తన మర్యాదను నిలుపుకొనెను. ర్యాంకు పోవుటకును మర్యాద పోవుటకును గల దూర మింత.

మూడవది ఆడుట మానుట. పైమెట్టున నిలిచి, ఇక దిగరాదని ఫోను ప్రక్కన పెట్టువారు గలరు. దీనిని గూర్చి చంద్రపురమున నుండు మనకు వేరొకరు చెప్పనక్కర లేదు, బొగ్గే చెప్పును. 2012 నుండి మన దేశమున బొగ్గును అది యిచ్చు వేడిమిని బట్టి జీ-1 మొదలు జీ-17 వరకు పదునేడు తరగతులుగ నిర్ణయించుచున్నారు. మంచి తరగతి బొగ్గే గదా యని తీసి కుప్ప వోసి నెలల తరబడి వదలినచో, గాలి తగిలి కొంత కొంతగ తన వేడిమిని పోగొట్టుకొనును. ఒక్కొక్కపుడు తనంత తానే రాజుకొని బూడిద యగును. తరగతి చీటీ మీద నిలుచును, బొగ్గులో నిలువదు. 1995లో మార్క్ గ్లిక్‌మన్ అను అమెరికా గణాంక శాస్త్రజ్ఞుడు రూపొందించిన పద్ధతిలో ఈ సత్యమే లెక్కగ చేరినది: ఆటగాడు ఆడక యున్నకొలది అతని అంకెపై సందేహము పెరుగును. 2012లో వచ్చిన ‘కౌంటర్ స్ట్రైక్: గ్లోబల్ అఫెన్సివ్’ అను తుపాకుల యాటలో సుమారు నెల దినము లాడనివాని ర్యాంకు కనబడకుండ పోయెడిది; మరల ఆడి గెలిచిన గాని కనబడెడిది కాదు.

నాలుగవ దారి మా మనుమడు పట్టినది: బలహీనుడైన తోడివానిని విడుచుట. తక్కిన మూటికంటె ఇదియే మమ్ము బాధించినది. ఏలయన, దాగినవాడు ఆటను వంచించును, అరువు తెచ్చినవాడు తన్ను తాను వంచించుకొనును, మానినవాడు తన నేర్పును నష్టపెట్టుకొనును. తోడివానిని విడిచినవాడు మాత్రము ఇతరునికి నొప్పి కలిగించును.

ఇంతగ కాపాడుకొను ర్యాంకు ఎచ్చట నుండునని కూడ అడుగవలెను. 2020 సెప్టెంబరు 2న ప్రభుత్వము పబ్‌జీ మొబైల్ ఆటను నిషేధించినది. అక్టోబరు 30న ఆ సంస్థ మన దేశమున తన సేవను నిలిపివేసినది. రాత్రులు మేలుకొని కాంకరర్ ఐనవాడును, నిన్న మొన్న మొదలిడి బ్రాంజ్‌లో నున్నవాడును నాడు ఒక్కటే యైరి. పాత లెక్కను క్రొత్త యాటకు మార్చుకొను వీలు మరుసటి యేడు గాని రాలేదు. నడుమ నెలలలో ఆ బిరుదము లేదు. కాని కంటిచూపు, చేతి నేర్పు, జట్టును నడపు తెలివి ఎచ్చటికిని పోలేదు. పోయినది అంకె, మిగిలినది ఆటగాడు.

చదరంగమున ఈ భేదమును స్పష్టముగ పాటింతురు. అక్కడ రేటింగు నెలనెలకు మారును. గ్రాండ్‌మాస్టర్ బిరుదము మాత్రము ఒకసారి వచ్చిన జీవితాంతము నిలుచును. 2025 జూలైలో జార్జియా దేశపు బటూమిలో మహిళల ప్రపంచ కప్పు తుది పోటీ ఇద్దరు భారతీయుల నడుమనే జరిగినది. ఒకరు మన తెలుగింటి ఆడపడుచు కోనేరు హంపి. ఒకరు మన పొరుగు నాగపూరు బాలిక, పందొమ్మిదేండ్ల దివ్యా దేశ్‌ముఖ్. విదర్భలో నున్న తెలుగువారికి అది తీయని చిక్కు. ఎవరు గెలిచినను సగము సంతోషము, సగము దిగులు. దీర్ఘమైన ఆటలు రెండును సమముగ ముగియగా, వేగపు ఆటలలో దివ్య గెలిచి, ఆ గెలుపుతోనే గ్రాండ్‌మాస్టర్ కూడ నయ్యెను. ఓడిన హంపి 2002లోనే, పదునైదేండ్ల ప్రాయమున, ఆ బిరుదము నందినది. 2019లో ప్రపంచ రాపిడ్ విజేతయై, ఆ కిరీటము ఇతరుల కేగగా చూచి, 2024లో మరల గెలుచుకొన్నది. ఓడుదునేమో యని బల్ల వద్దకు రాకున్నచో ఆ రెండవ గెలుపు ఎచ్చటిది?

ఐతే ర్యాంకును లక్ష్యపెట్టవలదనుచున్నామా? కాదు. పైమెట్టు మీద చూపు లేనిదే అభ్యాసము లేదు. మరియొక హెచ్చరికయు చేయవలెను: ఆటలోని మెట్టు వేరు, బ్రతుకుతెరువులోని మెట్టు వేరు. గనిలోనో కర్మాగారములోనో కార్మికుని హోదా అన్యాయముగ తగ్గించినచో అది అతని పిల్లల కంచమును తాకును. దానికై పోరాడుట ధర్మము. ఆటలోని మెట్టుకు ఆ బరువు లేదు. లేని బరువును దానిపై మోపుటయే మనము చేయు తప్పు. ఈ తప్పు పిల్లలదే యనియు అనలేము. సంఘములలో ఒకసారి కుర్చీ యెక్కి, దిగవలసి వచ్చునేమో యని సమావేశమునే పిలువని పెద్దలను మనము చూడలేదా? వారి చేత ఫోను లేదు, అంతియే భేదము.

కావున మా నిర్ణయ మిది. న్యాయముగ ఆడి పోగొట్టుకొన్న ర్యాంకు నష్టము కాదు, అది నిజము తెలిపిన కొలత. ర్యాంకును నిలుపుటకై పోగొట్టుకొన్నది, అది ధైర్యము గాని, నిజాయితీ గాని, తోడు గాని, అదియే నష్టము.

మనుమనికి ఈ యుపన్యాస మంతయు వినిపింపలేదు. “మొదటిసారి క్రౌన్ వచ్చిననాడు ముందు ఎవరికి చూపినవురా?” అని మాత్రము అడిగితిమి. అతడు కొంతసేపు ఊరకుండెను. నిదురించుచున్న తమ్ముని లేపి మరీ చూపినాడని ఇంటిల్లిపాదికిని తెలియును. ఆ రాత్రి మెట్లపై ఇద్దరును ప్రక్క ప్రక్కన కూర్చుండిరి. చిన్నవాడు ఎప్పటివలెనే తొందరగ చచ్చిపోవుచుండెను. పెద్దవాడు విసుగుకొనుచునే, ఎచ్చట దిగవలెనో, ఎప్పుడు పరుగెత్తవలెనో చెప్పుచుండెను. ఎన్ని పాయింట్లు పోయినవో మరునాడు మే మడుగలేదు, అతడును చెప్పలేదు.