రెండో మెట్టు మీద గోల్‌కీపర్

శంషాబాద్ విమానాశ్రయం నుంచి ఔటర్ రింగ్ రోడ్డు మీద గచ్చిబౌలి వైపు వచ్చి, మొయినాబాద్ దారి పడితే అజీజ్‌నగర్ తగులుతుంది. అక్కడి డెక్కన్ అరీనా శ్రీనిధి డెక్కన్ ఫుట్‌బాల్ జట్టు సొంత మైదానం. ఆ జట్టు ఆడిన ఐ-లీగ్ దేశంలో రెండో మెట్టు. డబ్బూ, కెమెరాలూ పై మెట్టుకే ఎక్కువ.

ఆ జట్టు గోల్ ముందు నిలబడినవాళ్ళలో కేరళకు చెందిన ఉబైద్ ఒకడు. ఈస్ట్ బెంగాల్‌లో ఉన్నాడు, గోకులం కేరళకు మారాడు. 2019 డ్యూరాండ్ కప్ సెమీఫైనల్లో ఎదురైంది ఆ పాత జట్టే, అదీ కోల్‌కతాలోనే! పెనాల్టీలు ఆపి గోకులాన్ని ఫైనల్‌కు చేర్చాడు. కప్పు కూడా వాళ్ళదే. 2021లో ఐ-లీగ్ టైటిల్ గెలిచి, తర్వాత శ్రీనిధికి వచ్చాడు.

ఊళ్ళు మారడం ఏ ఆటగాడికైనా ఉన్నదే. గోల్‌కీపర్‌ది మాత్రం వేరే కష్టం. ఫార్వర్డ్‌కు చివరి పది నిమిషాలైనా దొరకొచ్చు. రెండో కీపర్‌కు మొదటివాడు గాయపడితేనో, ఫామ్ తప్పితేనో తప్ప పిలుపు రాదు. సాధన మాత్రం రోజూ చెయ్యాల్సిందే. నన్నడిగితే ఆటలో అన్నిటికన్నా గడ్డు ఉద్యోగం అదే.

శ్రీనిధి జట్టుదీ రెండో కీపర్ లాంటి కథే: ఐ-లీగ్‌లో 2022-23లో రెండో స్థానం, మరుసటి ఏడాదీ రెండో స్థానమే. పై లీగుకు వెళ్ళింది మాత్రం విజేత ఒక్కటే.