చూచువాని ధర్మము

నగరజీవితమును ఉన్నదున్నట్లు చిత్రించు డాక్యుమెంటరీ దర్శకుని పనిని తలచినప్పుడెల్ల మాకొక ధర్మసందేహము కలుగుచుండును. పరుల బ్రతుకును చూచి పట్టుకొనిపోవు హక్కు అతనికెవరిచ్చిరి? కథాచిత్రములో నటుడు డబ్బు పుచ్చుకొని నటించును. వీథిలో పోవువాడు ఏమియు పుచ్చుకొనడు. తన్ను చూచుచున్నారని సైతము ఎఱుగడు.

ఈ సందేహము చలనచిత్రముతోనే పుట్టినది. 1895లో ఫ్రాన్సుదేశమున లూమియేర్ సోదరులు తీసిన తొలిచిత్రము కర్మాగారమునుండి వెలుపలికి వచ్చు కూలిజనమును చూపినది. ఆ కర్మాగారము వారిదే. కూలీలలో వలదనగలవారెందఱుందురు? 1929లో ఒక నగరదినమును చిత్రించిన రష్యా దర్శకుడు జీగా వెర్తోవ్, జీవితమును అది ఏమఱియున్నప్పుడే పట్టుకొనవలెననెను.

అట్లని చూడకుండుటయే ధర్మమా? కాదు. 1956 వఱకు మన రాయచూరు హైదరాబాదు రాష్ట్రములోనిదే గనుక ఆ నగరము మనకు పరాయిది కాదు. 1984లో అచ్చట చెలరేగిన మతకలహములను గూర్చి దీపా ధన్‌రాజ్‌గారు తీసిన ‘క్యా హువా ఇస్ షహర్ కో’ 1986లో వెలువడినది. కర్ఫ్యూలో పోయిన కూలినాటి కూలి ఏ సర్కారీ దస్త్రమునకును ఎక్కదు. కెమెరా పోకున్నచో ఆ బాధ ఆ గోడలమధ్యనే అణగియుండెడిది.

మన భాషలో సాక్షి యను మాటకు రెండర్థములు గలవు. వేదాంతములో సాక్షి చూచునేగాని దేనిని అంటడు. ముండకోపనిషత్తులోని రెండవ పక్షి అట్టిది. న్యాయస్థానములో సాక్షి చూచినదానికి బాధ్యుడు. దర్శకుడు మొదటివాడనని చెప్పుకొనవచ్చును. కాని ఏది ఉంచవలెనో ఏది కత్తిరింపవలెనో నిర్ణయించువాడు నిర్లిప్తుడెట్లగును? అతడు రెండవ సాక్షియే.

కచ్చేరీలలో పనిచేసినవారమగుటచే మాకు ఒక మంచి పద్ధతి తెలియును. వాఙ్మూలము వ్రాసికొన్న పిమ్మట చెప్పినవానికి చదివి వినిపించి, సరియని ఒప్పుకొన్న మీదటనే సంతకము చేయింతురు. జ్యాఁ రూష్, ఎడ్గార్ మొరేన్ అను ఇరువురు 1961 నాటి తమ చిత్రములో ఇట్లే చేసిరి. పారిస్‌వాసులను సుఖముగానున్నారా యని అడిగిరి; తీసినదానిని వారికే చూపిరి; వారి మెప్పును, ఆక్షేపణను గూడ చిత్రములోనే చేర్చిరి.

తీన్ కందిల్ సందడిలో ప్రతివానిని అడుగుట సాధ్యమా యని కొందఱనవచ్చును. నిజమే. గుంపును దూరమునుండి చూచుట వేఱు. ఒకని దారిద్ర్యమును, దుఃఖమును దగ్గఱనుండి పట్టుట వేఱు. రెండవదానికి అనుమతి వలయును. అడుగుటకు వీలుకానిచో, ‘దీనిని ఇతనికే తలవంచుకొనక చూపగలనా?’ అని తన్ను తాను ప్రశ్నించుకొనవలెను.

నేడు ప్రతివాని చేతను ఫోనున్నది. రాజేంద్రగంజిలో మూట మోయు హమాలీని తీసి బంధువులకు పంపువారు మన ఇండ్లలోనే యున్నారు. తెలుగునాట మనలను కన్నడిగులందురు, ఇచ్చట తెలుగువారందురు. మనలను అడుగకయే మనకు పేరు పెట్టినప్పుడు కలుగు నొప్పి మనకు తెలియును. తెలిసినవారికి బాధ్యత హెచ్చు గదా.