గిన్నె పట్టుకున్న చెయ్యి

ఆటోనగర్‌లో లారీ బాడీలు కట్టే షెడ్డులో పనిచేసే పెద్దాయన ఒకరు మా విచారణలో ఉన్నారు. 1977 నవంబరు 19న ఉప్పెన వచ్చినప్పుడు ఆయన దివిసీమలో పదేళ్ల పిల్లవాడు. ఆనాటి సంగతి అడిగితే గాలివాన గురించి రెండు మాటలు చెప్పి ఊరుకుంటారు. ఒక ఫొటో గురించి మాత్రం ఎంతసేపైనా చెబుతారు. “గంజి పోసేచోట మా నాన్న గిన్నె పట్టుకుని నిలబడితే ఎవరో ఫొటో తీశారండీ. మా నాన్న నాలుగెకరాల రైతు. నూర్పిళ్లప్పుడు కళ్లంలోకి వచ్చినవాడికి లేదనకుండా చేటెడు గింజలు పోసిన మనిషి. ఫొటోలో అదేం కనపడదు గదండీ!”

వియత్నాం కాందిశీకుల శిబిరాల మీద అల్లిన కథలు చదివినప్పుడల్లా నాకు ఆ గిన్నె గుర్తుకొస్తుంది. 1975 ఏప్రిల్ 30న సైగాన్ పడిపోయాక లక్షలాదిమంది పడవలెక్కి సముద్రంలోకి వెళ్లారు. మలేషియాలో బిడాంగ్ అనే దీవి విస్తీర్ణం సుమారు ఒక చదరపు కిలోమీటరు. 1979లో దానిమీద 40,000 మంది దాకా తలదాచుకున్నారు. వీరి అవస్థ విని కదిలిపోయిన యేసుసభ అధిపతి పేద్రో అర్రూపే గురువులు 1980 నవంబరులో కాందిశీకుల సేవాసంస్థను స్థాపించారు. శిబిరాలకు వెళ్లి పనిచేసిన గురువులు, కన్యాస్త్రీలు, డాక్టర్లు, యువకులు ఎందరో. వారి సేవను తక్కువ చేసి మాట్లాడడానికి నాకు నోరు రాదు.

అయితే అలాంటి సేవ మీద వచ్చే కథలకు ఒక బాణీ ఉంది. దూరదేశం నుంచి ఒక వాలంటీరు వస్తాడు. బాధ చూస్తాడు, ఏడుస్తాడు, మనిషి మారిపోతాడు, విమానమెక్కి తిరిగి వెళ్తాడు. కాందిశీకుడి వంతు రెండు చేతులూ జోడించడమే. కథ అబద్ధమని అనను. జరిగే ఉండవచ్చు. కాని చేతులు జోడించినవాడు అంతకుముందు ఎవరు?

కథే గదా, నష్టమేమిటి అంటారా? 1989 జూన్‌లో జెనీవాలో దేశాలు కూడి, ఇకమీద శిబిరానికి వచ్చిన ప్రతివారినీ ప్రశ్నించి తేల్చాలని నిర్ణయించాయి. హింసకు భయపడి వచ్చినవాడైతే కాందిశీకుడు. బ్రతుకుతెరువుకు వచ్చినవాడైతే వెనక్కి. అంటే అధికారి ముందు కూర్చుని తన కథ తాను ఒప్పించేలా చెప్పుకోవాలి. పక్కనే సాయం చేసే సేవకుడున్నాడనుకోండి. కొంచెం కన్నీరు కలిపితే పని అవుతుందని అతనికి తోస్తుంది. కలపవచ్చునా? అబద్ధం పాపమని చిన్నప్పటినుంచీ నేర్చుకున్నవాణ్ణే అయినా, నేనైతే కలిపేవాడినేమో. ఏడిపించే కథకే తలుపు తెరుచుకుంటుందని ఆ మనిషికి నేర్పింది మాత్రం వినేవాళ్లే.

తర్వాత కాందిశీకులే కలం పట్టారు. పదేళ్ల వయసులో పడవెక్కి మలేషియా శిబిరంలో గడిపి కెనడా చేరిన కిమ్ థుయి, 2009లో ఫ్రెంచిలో ‘రూ’ నవల రాసింది. నాలుగేళ్ల వయసులో అమెరికా చేరిన కతోలిక కుటుంబపు బిడ్డ వియెత్ థాన్ న్గుయెన్ రాసిన ‘ద సింపథైజర్’కు 2016లో పులిట్జర్ బహుమతి వచ్చింది. దాని కథానాయకుడు గూఢచారి, బొత్తిగా మంచివాడు కాడు. కొందరికి రుచించదు. నాకు మాత్రం ఊపిరాడినట్టయింది.

ఇదంతా రాసే అర్హత నాకుందా అంటే అనుమానమే. 2024 సెప్టెంబరులో బుడమేరు సింగ్‌నగర్‌ను ముంచినప్పుడు మేమూ పులిహోర పొట్లాలు తీసుకెళ్లాం. ఒక తల్లి పొట్లం తీసుకోకుండా, “పాలేమైనా ఉన్నాయా?” అని అడిగింది. లేవన్నాను. “మరెందుకొచ్చారు?” అంది. నాకు చర్రున కోపం వచ్చింది. ఇంటికొచ్చి మా పిల్లలకు చెప్పినప్పుడు నీళ్లలో నిలబడి దణ్ణం పెట్టిన ముసలాయన గురించి చెప్పాను. ఆ తల్లి సంగతి ఎత్తలేదు. ఆదివారం గుడిలో కూడా ముసలాయన గురించే చెప్పాను.

మంచి సమరయుని కథ సమరయుడు చెప్పుకున్నది కాదు. సత్రంవానికి డబ్బిచ్చి తన దారిన పోయాడు. చెప్పింది ప్రభువు. అదీ, దారిన పడి ఉన్నవానికి ఎవరు పొరుగువాడయ్యాడని అడుగుతూ.

మొన్న షెడ్డుకు వెళ్లి, “మీ నాన్నగారి సంగతి పత్రికలో రాయమంటారా?” అని అడిగాను. ఆయన చేతిలో రేకు కిందపెట్టి కాసేపు ఆలోచించారు.

“రాయండి. నాలుగెకరాల సంగతి మాత్రం వదిలిపెట్టకండి.”