నాగి చేతుల్లో అమ్మోరు

2004 ఏప్రిల్ 17న బెంగళూరు జక్కూరులో లేచిన చిన్న విమానం కరీంనగర్‌కు రావాల్సింది. గాలిలోకి లేచిన కాసేపటికే కూలింది. నటి సౌందర్య, ఆమె సోదరుడు అమర్‌నాథ్, మరో ఇద్దరు చనిపోయారు. ఆమెకు ముప్పై దాటి ఎంతో కాలం కాలేదు. అప్పటికి మన బసంత్‌నగర్ కరీంనగర్ జిల్లాలోనే ఉంది. మన దగ్గరికి ఎన్నికల ప్రచారానికి వస్తూ పోయిందే అన్న బాధ ఇక్కడ ఒకపాలు ఎక్కువ.

‘అమ్మోరు’ చూసినవాళ్లకు ఇంకో బాధ. 1995 నాటి ఆ సినిమాలో ఆమె నమ్మిన తల్లి పిలిస్తే పలికింది. తెరమీద కాపాడిన తల్లి బయట ఎందుకు కాపాడలేదు? ఈ ప్రశ్న అడిగినవాళ్లను అజ్ఞానులని కసరడం బొగ్గుబాయిల నడుమ బతికేవాళ్లకు చేతకాదు. మైసమ్మకు మొక్కి బాయి దిగి, పైకప్పు కూలి తిరిగిరాని మనుషుల ఇళ్లు ఇక్కడున్నాయి. వాళ్ల మొక్కులో లోపమేముంది?

మొక్కుకు ఫలం ఆయుష్షొక్కటేనా? కఠోపనిషత్తులో యముడు నచికేతుడికి కోరినన్నేళ్ల ఆయుష్షు ఇస్తానంటాడు. ఆ పిల్లవాడు వద్దంటాడు. ఇష్టమైన ప్రేయస్సు వేరు, మేలైన శ్రేయస్సు వేరని యముడే ఒప్పుకుని విడమరుస్తాడు. ఎన్నేళ్లన్నది కాదు, ఆ రెండింటిలో దేన్ని పట్టుకున్నామన్నదే అక్కడ లెక్క.

సౌందర్య వైద్యవిద్య మధ్యలో మాని సినిమాల్లోకి వచ్చింది. ‘పవిత్ర బంధం’, ‘అంతఃపురం’, ‘రాజా’ మనకు తెలిసినవే. అడిగినంత ఇచ్చే నిర్మాతలున్న రోజుల్లో ఆమె తానే నిర్మాతై, గిరీశ్ కాసరవళ్లి దర్శకత్వంలో కన్నడంలో ‘ద్వీప’ తీసింది. నాకు ఆమె జీవితంలో శ్రేయస్సు కనిపించేది ఇక్కడ. జాతీయ ఉత్తమ చిత్రంగా దానికి స్వర్ణకమలం వచ్చింది.

ఆ సినిమాలో ఆనకట్ట నీళ్లకు ఊరు మునుగుతుంది. అందరూ పరిహారం తీసుకుని కదులుతారు. గుడిని విడవలేని పూజారి కుటుంబం గుట్టమీదే ఉండిపోతుంది. ఎల్లంపల్లి ప్రాజెక్టు నీళ్లకు, బొగ్గు ఓపెన్‌కాస్టులకు ఊళ్లు వదిలినవాళ్లకు ఈ కథ కొత్త కాదు. ఇంటికి, చెలకకు లెక్క కట్టొచ్చు. బొడ్రాయికి ఎవరు కడతారు? పోచమ్మ గద్దె దగ్గర పసుపు రాసిన తరాలకు ఎవరు కడతారు?

ఆ వానల్లో ఇంటిని నిలబెట్టేది కోడలు నాగి. ఆ పాత్ర సౌందర్యదే. గండం గడిచాక భర్త దేవుడి దయ అంటాడు. నాగి రెక్కల కష్టం ఊసెత్తడు.

మన ఇళ్లలోనూ అంతే. షిఫ్టు దిగి క్షేమంగా వచ్చినందుకు మైసమ్మకు కొబ్బరికాయ కొడతాం. కొట్టాలి కూడా. తెల్లారక ముందే లేచి సద్ది కట్టిన ఇల్లాలి వైపు మాత్రం తిరిగి చూడం. నాగి భర్త భక్తిని నేను తప్పుపట్టను. కాపాడింది దేవుడేనన్న అతని మాటా నిజమే. ఆ దయ నాగి చేతులతోనే పనిచేసిందని అతనికి తట్టలేదు. సౌందర్య సినిమాల్లో అమ్మోరు నాకు అన్నిటికంటే స్పష్టంగా కనబడింది నాగి చేతుల్లోనే.