కాయకఫలము - ఋణధర్మము

శ్రమించినవానికి ప్రతిఫలమిచ్చుట దయ కాదు, ఋణము తీర్చుట. మొయినాబాదు ప్రాంతమందలి ఎంకపల్లి వంటి పల్లెలో బాట వేయు గుత్తేదారు సిమెంటుకు, కూలికి ముందే అప్పు చేయవలసి వచ్చును. బిల్లు నిలిచినను వడ్డీ నిలువదు.

పొరుగున ఆంధ్రప్రదేశములో 2019కి పూర్వము చేసిన ఉపాధి హామీ పనుల సొమ్ము అందక పలువురు హైకోర్టు నాశ్రయించిరి. 2021 అక్టోబరులో న్యాయస్థానము నాలుగు వారములలో 12 శాతము వడ్డీతో చెల్లింపవలెనని తీర్పిచ్చినది. ఖజానా చాలదనుట గడువు కోరుటకు కారణము కావచ్చును. బాకీ కాదనుటకు కాజాలదు.

అయితే తీర్పు గెలిచిన గుత్తేదారుకును ఒక ఋణమున్నది. తాపీ పట్టిన మేస్త్రీ, తట్ట మోసిన కూలీ అతనితోపాటు నిరీక్షించినచో, వచ్చిన వడ్డీలోను వారికి పాలున్నది. బసవేశ్వరుడు బోధించిన కాయకధర్మము ఇరువురికిని ఒక్కటే. ఒకరి కాయకఫలము నాపి చేయు దాసోహము దాసోహము కాదు.